కుండీలో నీలిచుక్క

ముప్పై ఏళ్ళు కంపెనీ బంగళాల్లో తోటపని చేసినవాణ్ణి. దాలయ్య చెయ్యి పడితే ఎండుపుల్లైనా చిగురేస్తుందని పెద్ద పెద్ద ఇంజనీర్ల ఇళ్ళల్లో అమ్మగార్లే అనేవారు. ఆ మాటలు విని విని నాకు తలకెక్కింది. అది ఎక్కబట్టే నా పెళ్ళాం ఆఖరి కోరిక నా చేతుల్లోనే చచ్చిపోయింది.

మా చిలకమ్మది ఎలమంచిలి అవతల చిన్న ఊరు. ఊరి వెనక గడ్డిమెట్ట ఉంది. గులకరాళ్ళు, ఎండుగడ్డి తప్ప అక్కడ ఏం లేదు. వానపడితే నీళ్ళు నిలవవు, నాగలి దిగదు. పెళ్ళికి ముందు ఆమె అక్కడే మేకలు కాసేది. శివరాత్రి వెళ్ళాక ఆ గడ్డిలో నేలని కరుచుకుని చిన్న చిన్న నీలం పూలు పూస్తాయి. వినాయక చవితి పత్రిలో విష్ణుక్రాంతమని పెడతారే, ఆ మొక్కే. చిలకమ్మ మాత్రం నీలిసుక్కలు అనేది. పొద్దున్న విచ్చుకుని, ఎండ ముదిరేసరికి ముడుచుకుపోతాయి.

ఈ ఏడు శివరాత్రి వెళ్ళగానే చిలకమ్మ జబ్బుకి డాక్టర్లు చేతులెత్తేశారు. ఇంటికి తీసుకుపొమ్మన్నారు. గాజువాకలో మా ఒంటి గదిలో, కిటికీ పక్కన మంచం వేశాం.

"మావా, ఒక్కపాలి మా మెట్టకి తీసుకెల్లవా? నీలిసుక్కలు పూసుంటాయి. కల్లారా సూసుకుని వచ్చేత్తాను" అంది.

మా అబ్బాయి నరేష్ ఆటో తోలతాడు. వాడు వెంటనే బయల్దేరదామన్నాడు. తల్లి తలకింద పెట్టడానికి బజారుకెళ్ళి మెత్తటి దిండు కూడా కొనుక్కొచ్చాడు.

"నాన్నా, వెనక సీట్లో పడుకోబెట్టి మెల్లగా పోనిస్తాను. గంటన్నర, అంతే."

"నోర్ముయ్యరా! ఆ గోతుల్లో మీ అమ్మ పేనం దారిలోనే పోద్ది. పువ్వే కదా కావాలి? నానే తెచ్చి కిటికీలో పూయిత్తాను" అన్నాను.

వాడు నా మొహం చూసి ఊరుకున్నాడు. ఊరుకోకుండా ఉంటే ఎంత బాగుండేది!

మర్నాడే బస్సెక్కి వెళ్ళి, గునపంతో ఒక దుబ్బు తవ్వాను. ఇంత చిన్న మొక్కకి అంత లోతు వేరేమిటో! సగంలో తెగింది. తెగితే తెగిందిలే, నా చేతిలో పడ్డాక బతక్క చస్తుందా అనుకున్నాను. పెద్ద కుండీలో నల్లమట్టి, పేడ ఎరువు కలిపి నాటాను. పూటకో చెంబు నీళ్ళు. గులాబీలకి కూడా అంత సేవ చెయ్యలేదు.

మూడోనాటికి ఆకులు పసుపెక్కాయి. ఇంకో చెంబు పోశాను.

చిలకమ్మ మంచంలోంచి చూస్తూనే ఉంది. "అన్ని నీల్లెందుకు మావా? మా మెట్టమీద ఎవుడు పోసేడు?"

"మేకలు కాసినదానివి, నీకేటి తెలుసే? నాను సూసుకుంటాను, పడుకో" అని కసిరాను.

నా నోరు పడిపోను! ఆ రోగిష్టి మనిషి మొహం గోడవైపు తిప్పుకుంది. ఆ మాట ఇప్పుడు గుర్తొస్తే గుండెలో ముల్లు దిగినట్టుంటుంది.

అయిదో రోజు పొద్దున్న మొక్క మొదట్లో చెయ్యి పెట్టి చూశాను. కుళ్ళిపోయింది. మెత్తగా వేళ్ళకంటింది. నరేష్ గుమ్మంలో నిలబడి చూశాడు.

"నాన్నా, ఇప్పుడైనా ఎల్దాం" అన్నాడు మెల్లగా.

వాడన్నది నిజమని నాకు తెలుసు. కానీ దాలయ్య మొక్కని చంపేశాడని ఆమె ముందు ఒప్పుకోవాలి కదా! అప్పుడే చిలకమ్మ కళ్ళు తెరిచింది.

"పూసిందేటి మావా?"

"మొగ్గేసిందే. రేపు పూత్తాది" అన్నాను.

ఆమె నవ్వింది. ఆ నవ్వు చూసి నా అబద్ధం మంచిదేననుకున్నాను, వెధవని. ఆ రాత్రి, తెల్లారగానే తనని లేపమని కొడుక్కి చెప్పి పడుకుంది. తెల్లారింది గానీ ఆమె లేవలేదు.

పన్నెండో రోజు వెళ్ళాక నరేష్ ఆటో గుమ్మం ముందు ఆపి, "ఎక్కు నాన్నా" అన్నాడు. ఎనిమిదింటికల్లా మెట్ట దగ్గర దింపాడు.

ఓరి దేవుడా, ఎన్ని పూలు! నేల నెర్రెలిచ్చి ఉంది. చుక్క తడి లేదు. ఆ రాళ్ళ మధ్య ఎటు చూసినా నీలమే. నేను తవ్విన గోతి అంచున కూడా పూశాయి. అక్కడే కూలబడి, చిలకమ్మా, చిలకమ్మా అని గొంతు పోయేదాకా ఏడ్చాను. ఎండ ఎక్కింది. పూలు ఒక్కొక్కటే ముడుచుకున్నాయి. ఒక్కదాన్నీ ముట్టుకోలేదు.

తిరిగి ఆటో ఎక్కేటప్పుడు చూశాను. వెనక సీట్లో ఆ దిండు, ప్లాస్టిక్ కవరు కూడా తియ్యకుండా అలాగే ఉంది. ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాను. నరేష్ దారి పొడవునా గోతులు తప్పిస్తూ మెల్లగా పోనిచ్చాడు. గాజువాక రావడానికి సరిగ్గా గంటన్నర పట్టింది.