ఉక్కు డేగ గొంతు

మా అన్నయ్య ఒకే ఒక్క సినిమాలో హీరో. మామూలు హీరో కూడా కాదు, సూపర్‌హీరో. పేరు ఉక్కు డేగ. ఉక్కు ఎక్కడా లేదు, రెక్కలు గొడుగుబట్టతో కుట్టినవి. కుట్టిన టైలరే విలన్, కుట్టుకూలి బదులు వేషమిచ్చారు. సినిమా విడుదల కాలేదు. ఎవరూ కొనలేదు, ఎవరూ ఏడవలేదు.

ఆ తర్వాత అన్నయ్యకు గొంతులో గడ్డ లేచింది. ఆపరేషన్ చేసి స్వరపేటిక తీసేశారు. ప్రాణం దక్కింది, మాట పోయింది. అప్పటికి మా మేనకోడలు వదిన కడుపులో ఉంది. ఇప్పుడు కాలేజీకి వెళ్తోంది. వాళ్ల నాన్న గొంతు ఎలా ఉండేదో దానికి తెలీదు. "అత్తా, లావుగా ఉండేదా, సన్నగా ఉండేదా?" అని నన్ను పీక్కుతింటుంది. గొంతుని మాటల్లో ఎలా చెప్పను, నా తలకాయ!

అందుకే, బయటికి రాని సినిమాల్ని వెతికి ఇంటర్నెట్లో భద్రంగా దాచే ఒకాయన ఫోన్ చేసి టేపు ఉందా అని అడిగితే, అటకెక్కి దుమ్ము దులిపి నేనే ఇచ్చొచ్చాను. అన్నయ్య వద్దు వద్దని చేతులూపాడు. జనం నవ్వుతారట. నవ్వితే మన సొమ్మేం పోయింది?

టేపులాయన సినిమాని నెట్లో పెట్టాడు. ఇంటిల్లిపాదీ కంప్యూటర్ ముందు చేరాం. ఉక్కు డేగ స్టూలు మీంచి దూకి నోరు తెరిచాడు. చప్పుడు లేదు. నోరు మూశాడు.

వెంటనే ఫోన్ చేశాను. "సౌండేదండీ?"

"అది వట్టి గైడ్ ట్రాక్ అండీ. షూటింగప్పుడు గుర్తు కోసం రికార్డు చేస్తారు, డబ్బింగయ్యాక పారేస్తారు. మీ సినిమాకి డబ్బింగే జరగలేదు. అంతా ఫ్యాను రొద, డైరెక్టర్ అరుపులు. ఎందుకొచ్చిన చెత్త అని బొమ్మ ఒక్కటే తీసుకున్నా. మంచి గొంతున్నవాళ్లు డబ్బింగ్ చెప్తామంటున్నారు కూడా."

"ఆ చెత్తలోనే మా అన్నయ్య ఉన్నాడయ్యా, మహానుభావా!"

ఇంకా చాలా అన్నాను, నోటికొచ్చినట్టు తిట్టాను. ఆయన పాపం అన్నీ విని, టేపు జిగటెక్కిందని, మళ్లీ తిప్పితే తెగినా తెగొచ్చని మెల్లగా చెప్పాడు. తెగితే ఇంకో టేపు లేదు.

తెగితే తెగిందని మేనకోడల్ని వెంటబెట్టుకుని వెళ్లాను. పిలవకుండానే అన్నయ్య కూడా చెప్పులేసుకుని బయల్దేరాడు. టేపులాయన గదిలో టేపులే కూర్చున్నాయి, మేం నిలబడ్డాం.

టేపు తిరిగింది. ఫ్యాను రొద కంప్యూటర్లోకి ఎక్కుతోంది. "ఛాతీ పొంగించు!" అని డైరెక్టర్ కేకేశాడు. తర్వాత పల్చటి గొంతు, కాస్త ముక్కుతో:

"ఏం పొంగిస్తాను సార్, జిప్పు పట్టేసింది. ఒకటే దురద! ఎవరైనా వీపు గోకండ్రా బాబూ!"

కిర్రుమంది. తెగిపోయింది. లోకాన్ని కాపాడే డైలాగులన్నీ గంగలో కలిశాయి. ఇప్పుడు నెట్లో మీరు చూసినా వినపడేది అంతే, డబ్బింగ్ మేం ఒప్పుకోలేదు.

టేపులాయన తల దించుకున్నాడు. నాకు ఏడుపాగలేదు. మేనకోడలు మాత్రం ఆ ముక్క మళ్లీ వెయ్యమంది. వేశాడు. మళ్లీ అంది. అన్నయ్య సిగ్గుతో గోడవైపు తిరిగి నిలబడిపోయాడు.

అది వెనకనుంచి వెళ్లి వాళ్ల నాన్న వీపు మీద చెయ్యి వేసింది.

"ఇక్కడా నాన్నా?" అంది, గోకుతూ.

అన్నయ్య వెనక్కి తిరగలేదు. బొటనవేలితో, ఇంకాస్త పైకి అని చూపించాడు.