జ్ఞానమ్మ పిడికెడు

గబ్బిలాల పెంట మీద ముందు నీళ్లు చిలకరించాలి. లేకపోతే దుమ్ము లేచి బలిపీఠం గుడ్డ మీద పడుతుంది. ఈ సంగతి జ్ఞానమ్మకు ఎవరూ చెప్పలేదు. మామిడికుదురు పక్కన ఆ లూథరన్ గుడిని నలభై ఏళ్లు ఊడిస్తే దానంతటదే తెలిసింది. పొట్టి మనిషి, కుడికాలు కొంచెం ఈడుస్తుంది. గంట తాడు ఒరిసి ఒరిసి రెండు అరచేతులూ కాయలు కాచిపోయాయి. ఆరాధనకు, పెళ్లికి, చావుకు గంట కొట్టేది ఆమే. చావు గంటకు లెక్కుంది: పోయినవాళ్ల వయసెంతో అన్ని దెబ్బలు. ముందు ఆ ఇంటికి వెళ్లి వయసు అడిగి వచ్చాకే తాడు పట్టుకుంటుంది.

ఆ శనివారం గుమ్మం పక్కన గోడకు కొత్త నల్లరాయి ఉంది. తెల్లారితే గుడికి నూట పాతికేళ్ల పండగ. సంఘపెద్ద సుందరరావు గుడి చరిత్రంతా చెక్కించి, రాత్రికి రాత్రి బిగించి, పైన పట్టుగుడ్డ కప్పించాడు. తుడుద్దామని జ్ఞానమ్మ గుడ్డ ఎత్తింది. చిన్నప్పుడు ఉపదేశిగారు నేర్పిన అక్షరాలు, వేలితో తడుముకుంటూ చదివింది. పునాది వేసిన దొరగారి పేరు. పాస్టర్ల పేర్లు. ఆ కింద, ‘తొంభైఆరు తుపానులో కూలిన పైకప్పును సుందరరావుగారి తండ్రిగారు ఒక్కరే కట్టించిరి.’

వేలు అక్కడే ఆగిపోయింది. ఒక్కరేనట! ఆమెకు ఒళ్లు మండిపోయింది.

ఆ తుపానుకి గుడి పెంకులన్నీ లేచిపోయాయి. బాప్తిస్మాల రిజిస్టరు నాని ముద్దయిపోయింది. పేటలో ఏ ఇంటికీ గింజ మిగల్లేదు. అయినా ఆడవాళ్లు ఎసరు పెట్టిన ప్రతిసారీ, కడగబోయే బియ్యంలోంచి పిడికెడు తీసి గుడి కోసం కుండలో వేశారు. పిల్లలకు గంజి పోసిన పూట కూడా వేశారు. శనివారం శనివారం జ్ఞానమ్మ రేకుడబ్బా పట్టుకుని ఇల్లిల్లూ తిరిగి పోగుచేసేది. ఆదివారం ఆరాధన అయ్యాక ఆ బియ్యం వేలం వేసేవారు. ఆరేళ్లు అలా తిరిగితే గుడికి పెంకులు పడ్డాయి. పిడికెడు వేయడం ఆ తర్వాతా ఆగలేదు. సుందరరావు తండ్రి ఇచ్చింది దూలాలకు కొబ్బరి మొద్దులు. అవీ తుపానుకు పడిపోయినవే!

షామియానా వాళ్లను వెంటబెట్టుకుని సుందరరావు వచ్చేసరికి ఆమె ఆ రాయి ముందే నిలబడి ఉంది.

“సుందరరావుగారండీ, పిడికెడు బియ్యం మాట ఇందులో ఏదండీ?”

“వంటింటి సంగతులు కూడా రాళ్ల మీద చెక్కుతారా జ్ఞానమ్మా? రేపు బిషప్పుగారొస్తున్నారు. చూసి నవ్విపోతారు.”

“నవ్వితే నవ్వనీండి. మీ అమ్మగారు కూడా ఏసేరండీ పిడికెడు. మీ నాన్నగారికి తెలీకుండా కొంగు చాటున అట్టుకొచ్చేవోరు. ఆవిణ్ణీ చెరిపేసేరా?”

సుందరరావు ముఖం మాడిపోయింది. “చెక్కడం అయిపోయింది. ఇంక మారదు. వెళ్లి కుర్చీలు తుడు.”

“ఆయ్. మారకపోతే నా పిడికెడూ పడదండి,” అంది జ్ఞానమ్మ.

కుర్చీలు తుడిచింది. పని మీద కోపం లేదు ఆమెకు. మధ్యాహ్నం ఎండలో డబ్బా పట్టుకుని ఎప్పటిలాగే పేటంతా తిరిగింది. డబ్బాలో మొదట తన పిడికెడు వేశాకే గడప దిగడం ఆమె అలవాటు. ఆ రోజు ఆ బియ్యం కొంగున ముడేసుకుంది. అంగన్‌వాడీ టీచరు రేచల్ అది చూసింది.

“ఏంటి దొడ్డమ్మా, నీది ఎయ్యలేదా?”

“మనందరి పిడికెడూ ఆ రాతి మీదకెక్కిన రోజున ఏత్తానే. మీరెయ్యండి. ఈ వారం బియ్యం రేపు విందుకి గదా, జనం తినాలి. నా కోపం జనం కడుపు మీద కాదు.”

తిరిగొచ్చి, చెప్పులు పక్కపక్కన విడిచి, డబ్బా మూత తీసి, గుడి మెట్టు మీద కూర్చుంది. సాయంత్రం ఆరు దాటినా సందె ప్రార్థన గంట మోగలేదు. రేచల్ వచ్చి చూస్తే జ్ఞానమ్మ గోడకు చేరగిలబడి ఉంది. ఒళ్లు చల్లబడిపోయింది.

పేటంతా చేరింది. రేచల్ తాడు పట్టుకుంది.

“ఎన్ని కొట్టాలండీ?”

జ్ఞానమ్మకు భర్త లేడు, పిల్లల్లేరు. రిజిస్టరు తుపాను తినేసింది. కొత్త పాస్టరుగారు సుందరరావు వైపు చూశారు. నూట పాతికేళ్ల చరిత్ర చెక్కించిన పెద్దమనిషి గొంతు సవరించుకున్నాడు.

“ఓ డెబ్బై కొట్టేయండి. సరిపోద్ది.”

సరిపోద్దట! ఎవరింట చావైనా ఒక్క దెబ్బ తేడా రానివ్వని మనిషికి, ఉజ్జాయింపున ఓ డెబ్బై!

“తెలిసేదాకా కొట్టేది లేదండి,” అంది రేచల్. తాడు వదల్లేదు. ఎవరూ ఆమె చేతిలోంచి లాక్కోలేదు.

గంట మోగకుండానే జ్ఞానమ్మను ఇంటికి మోసుకెళ్లారు. కొంగుముడి ఆమెతోనే వెళ్లింది. నల్లరాయి కింద, పేటలో అందరి బియ్యంతో, ఒక్క పిడికెడు వెలితిగా, ఆ రేకుడబ్బా మూత తీసే ఉంది.