అరవై మూడో గడి

ప్రతి నెలా అయిదో తేదీ తెల్లవారుజామున, ఎసట్లో బియ్యం వేశాక స్తుతి చేసే పని ఒకటుంది. బైబిలు చివర ఉన్న ఖాళీ పేజీ తెరిచి, తాను స్కేలు పెట్టి గీసుకున్న గడుల్లో ఒకదానికి అడ్డంగా పెన్సిలు గీత కొడుతుంది. మొత్తం రెండు వందల నలభై గడులు. ఇరవై ఏళ్ల ఇంటి అప్పుకు నెలకొక గడి. కాగితాల మీద సంతకాలు పెట్టి వచ్చిన సాయంత్రమే కూర్చుని గీసింది వాటిని. ఆమె భర్త జయకుమార్ అప్పట్లో చూసి నవ్వాడు. "పాస్టరయ్య చూస్తే బైబిల్లో అష్టాచెమ్మా ఆడుతాండావనుకుంటాడు," అన్నాడు. నవ్వితే నవ్వనీ అనుకుంది. గవ్వలు వేసేది తనే కదా.

స్తుతి కర్నూలులో ఒక ప్రైవేటు ఆస్పత్రి ల్యాబులో టెక్నీషియను. ఆరున్నరకల్లా బల్ల ముందు ఉండాలి. పరగడుపున వచ్చిన షుగరు పేషెంట్లు అప్పటికే కాఫీకి మొహం వాచి బెంచీల మీద కూర్చుని ఉంటారు. నాలుగున్నరకు లేచి అన్నం, పప్పు, తొమ్మిదేళ్ల కూతురు కెజియాకు క్యారియరు, అత్త విశ్వాసమ్మకు జొన్నరొట్టె, అన్నీ ముగించి ఆటో పట్టుకుంటుంది. జీతం ఇరవై ఆరు వేలు. ఒకటో తేదీన పడగానే ఇరవై ఒక్క వేల ఏడు వందలు భర్త ఖాతాకు పంపాలి. అయిదో తేదీన అక్కడి నుంచి అప్పిచ్చిన కంపెనీకి కిస్తీ పోతుంది. దశమ భాగం, రెండు వేల ఆరు వందలు, సంఘానికి. మిగిలిన పదిహేడు వందలు ఆమెవి. ఆటో చార్జీలు అందులోంచే కాబట్టి చెప్పులు తెగకుండా చూసుకుని నడుస్తుంది.

జయకుమార్ విత్తనాల కంపెనీలో ఫీల్డు ఉద్యోగి. అతని జీతం ఇల్లు నడపడానికి. ఈ పంపకం ఎప్పుడు జరిగిందో ఆమెకు సరిగ్గా గుర్తు లేదు గానీ, "నీ జీతమంతా ఒక దిక్కే పోతే లెక్క తేలిగ్గుంటాది" అని అతనన్న మాట గుర్తుంది. లెక్క నిజంగానే తేలికైంది. బియ్యం బస్తా కంటికి కనిపిస్తుంది, కెజియా ఫీజు కనిపిస్తుంది, బండిలో పెట్రోలు కనిపిస్తుంది. కిస్తీ ఎవరి కంటికీ కనిపించదు. అందుకే అత్త, వచ్చిన చుట్టాలందరి దగ్గరా, ఒక్కడి రెక్కల మీద ఇల్లు నడుస్తోందని కొడుకును చూసి కంటతడి పెట్టుకుంటుంది. పక్కనే నిలబడి స్తుతి ఆ చుట్టాలకు టీ పోస్తుంటుంది.

ఆ ఇల్లంటే మాత్రం ఆమెకు ప్రాణం. కోసిగి దగ్గర రెండెకరాల మెట్ట అమ్మి విశ్వాసమ్మ ఈ స్థలం కొనిచ్చింది. అప్పు తెచ్చి పైన కట్టారు. గోడలు లేచేటప్పుడు వేసవి. నీళ్ల ట్యాంకరు వచ్చేది తెల్లారి అయిదుకు. మేస్త్రీ కూలీలు వచ్చేది తొమ్మిదికి. ఆ మధ్యలో బిందెతో నీళ్లు మోసి గోడలు తడిపింది స్తుతే, నెలన్నర పాటు, డ్యూటీకి పోయే ముందు. తడిసిన ఇటుక వాసన అంటే ఇప్పటికీ ఆమెకు అదోలా ఉంటుంది. బేతంచెర్ల బండలు పరిచిన నాడు చెప్పులు విప్పి గది గదీ తిరిగి చూసుకుంది.

గృహ ప్రతిష్ఠ ప్రార్థన రోజున జయకుమార్ వాకిలి మీద కప్పిన తెల్లగుడ్డ లాగితే నల్లరాయి మీద బంగారు రంగు అక్షరాలు కనిపించాయి. 'స్తుతి నిలయం.' సంఘం ఆడవాళ్లంతా ఆమె వైపు తిరిగి చూశారు. రాహేలమ్మ అనే పెద్దావిడ ఆమె గడ్డం పట్టుకుని ముద్దు పెట్టుకుంది. అత్త ఆ రోజంతా ఒకటే మాట. "పెండ్లాం పేరు నెత్తిన పెట్టుకునే మొగోడు కర్నూలంతా ఎతికినా దొరకడు మ్మే." స్తుతి కూడా నిజమే అనుకుంది. సిగ్గుపడింది కూడా. ఆ తరువాత ఏ మాట పడాల్సి వచ్చినా, వాకిట్లో తలెత్తి ఆ రాయిని చూసుకుంటే సర్దుకునేది. ఇల్లు తన పేరు మీద ఉంది కదా.

గడుల్లో ఇరవై మూడోది ఉంది. మిగిలిన వాటిలాగే ఉంటుంది, అదే పెన్సిలు గీత. ఆ నెలలో స్తుతికి నెల తప్పింది. తన రక్తం తానే తీసుకుని, తన మిషనులోనే పెట్టి, రిపోర్టు మీద తన పేరు తానే టైపు చేసుకుంది. ఇంటికి వచ్చి చెబితే జయకుమార్ కాసేపు గోడ వైపు చూశాడు. వాళ్ల ఆస్పత్రిలో డ్యూటీకి రాకపోతే జీతం లేదని అతనికి తెలుసు. "ఆర్నెల్లు నువ్వు ఇంట్లో కూచుంటే కిస్తీ ఎవురు కడతారు?" అన్నాడు. కోపంగా కాదు. నిజంగానే తెలియక అడిగినట్టు. అత్త ఇంకా మెత్తగా చెప్పింది. "దుడ్లు బాకీ ఉన్నన్నాళ్లు కడుపుకు తొందరేం మ్మే. లోను తేలిక పడనీ, దేవుడు ఇంకోటి ఇయ్యడా?" శనివారం వేరే ఆస్పత్రికి పోయి కడుపు తీయించుకుంది. సోమవారం బల్ల ముందు కూర్చుని నలభై మందికి రక్తం తీసింది. ఎవరికీ చెప్పలేదు. చెప్పడానికి ఎవరున్నారు గనక. అయిదో తేదీ రాగానే గీత కొట్టింది. లోను తేలిక పడాలి, అంతే.

రెండు వందల నలభై అయ్యేసరికి ఆమెకు యాభై ఒకటి వస్తాయి. ఆ రోజు ఏం చేయాలో కూడా అనుకుని పెట్టుకుంది. పెద్ద కోరికేమీ కాదు. ఉద్యోగం మానేసి పొద్దున ఏడు దాకా పడుకోవాలి.

అరవై రెండు గడులు పూర్తయిన నెలలో అప్పిచ్చిన కంపెనీ నుంచి ఆమెకు ఫోను వచ్చింది. అప్పులో ఉన్న ఇద్దరూ ఆధార్ కాగితాలు మళ్లీ ఇవ్వాలట. జయకుమార్ కోసిగి వైపు క్యాంపులో ఉన్నాడు. తనవి ముందే ఇచ్చేశానని, నువ్వు పోయి ఒక సంతకం పడేసి రా అని చెప్పాడు. అయిదేళ్లలో ఆమె ఆ ఆఫీసు మెట్లెక్కడం అది రెండోసారి.

బల్ల దగ్గర శివాని అనే అమ్మాయి కూర్చుని ఉంది. సంతకాలయ్యాక, ఊరికే, బడిలో పిల్లలు మార్కులు అడిగినట్టు, ఇంకా ఎన్ని నెలలున్నాయమ్మా అని అడిగింది స్తుతి. ఎంత వస్తుందో ఆమెకు తెలుసు. నూట డెబ్బై ఎనిమిది. వేరే మనిషి నోటి వెంట వినాలనిపించింది.

"రెండు వందల ముప్పై ఆరు మేడం."

తప్పు చూసి ఉంటావమ్మా అంది స్తుతి. అరవై రెండు కట్టాం, ఒక్క నెల కూడా తప్పలేదు అంది. శివాని మళ్లీ చూసి, ఈసారి కంప్యూటరు తెరను ఆమె వైపు తిప్పింది. ఆ అమ్మాయి ఓపికగలది. వేలు పెట్టి చూపిస్తూ చెప్పింది. మీ వడ్డీ మొదట్లో ఉన్నట్టే ఉండేది కాదు, పెరుగుతుంది, తగ్గుతుంది. ఎనిమిదిన్నర ఉన్నది పదింపావు అయింది. వడ్డీ పెరిగినప్పుడు కిస్తీ పెంచాలి, లేదంటే నెలలు పెంచాలి. మీరు తీసుకున్నది ఇరవై అయిదు లక్షలు. ఇప్పటిదాకా కట్టింది పదమూడు లక్షల నలభై అయిదు వేలు. అందులో పది లక్షలకు పైగా వడ్డీకే పోయింది. అసలులో తగ్గింది మూడు లక్షలు. ఇంకా ఇరవై రెండు లక్షలుంది. ఇదే వడ్డీ ఉంటే మొత్తం తీరేసరికి మీరు కట్టేది అరవై నాలుగు లక్షలు దాటుతుంది.

స్తుతి తెర వైపు చూస్తూనే ఉంది. అరవై రెండు నెలలు కట్టాక రెండు వందల ముప్పై ఆరు. అంటే నాలుగు గడులు. నాలుగున్నరకు లేచిన ఇన్ని తెల్లవారుజాములకు నాలుగు గడులు ముందుకు జరిగింది. ఆ నాలుగింటిలో ఇరవై మూడోది ఉందా లేదా అని ఒక పిచ్చి ఆలోచన వచ్చింది. కళ్లు తుడుచుకోకుండా ఉండడానికి బ్యాగు జిప్పు తీసి మళ్లీ వేసింది.

"మాకెవరూ చెప్పలేదే," అంది.

శివాని వెతికి ఒక కాగితం తెర మీదికి తెచ్చింది. పోయిన ఏడాది కంపెనీ పంపిన ఉత్తరం. కిస్తీ నెలకు రెండు వేల నాలుగు వందలు పెంచితే ఇరవై ఏళ్ల గడువు ఇరవై ఏళ్లలాగే ఉంటుందని, లేదంటే నెలలు పెరుగుతాయని అందులో ఉంది. నెలలు పెంచండి అన్నచోట టిక్కు. కింద జయకుమార్ సంతకం. చివర్లో తోక లాగడం అతని అలవాటు. తేదీ చూసింది స్తుతి. ఆ నెలలోనే అతను కొత్త బండి వాయిదాల మీద తెచ్చాడు. దానికి పూలదండ వేసింది తనే.

నా సంతకం లేకుండా ఎట్లా చేశారని అడిగింది. మొదటి పేరు సారుదే, ఆయన సంతకం చాలంది శివాని. స్తుతికి అప్పుడు కొంచెం పౌరుషం వచ్చింది. ఇల్లు నా పేరున కూడా ఉంది కదమ్మా, నన్ను కూడా అడగాలి కదా అంది. ఆ అమ్మాయి ఫైల్లో పేజీలు తిప్పింది. తల ఎత్తకుండా చెప్పింది.

"స్థలం రిజిస్టరయింది సారు పేరున మేడం. ఇల్లు గూడా ఆయనదే. మీరు అప్పులో ఉండారు. ఇంట్లో లేరు."

తరువాత చాలా సేపు అడిగి తెలుసుకుంది స్తుతి. ఆయన సగం వాటా రాసిస్తే తన పేరు ఎక్కుతుంది. దానికి కంపెనీ అనుమతి కావాలి, ఇద్దరూ సంతకం పెట్టి దరఖాస్తు ఇవ్వాలి. ఒకవేళ కిస్తీ తప్పితే? జరిమానా పడుతుంది, ఇద్దరి పేర్లూ చెడతాయి, మీ పేరు కూడా అని నొక్కి చెప్పింది శివాని. స్తుతి దరఖాస్తు కాగితాలు రెండు అడిగి తీసుకుంది. ఒకటి వాటాకి, ఇంకొకటి కిస్తీ పెంచి గడువు తగ్గించడానికి.

ఆటో దిగి గేటు దగ్గర నిలబడింది. ఎండకు నల్లరాయి మెరుస్తోంది. ఆ అక్షరాలు చెక్కినవాడికి ఎంత ఇచ్చారో ఆమెకు గుర్తుంది. పన్నెండు వందలు. లోపల అత్త టీవీ చూస్తోంది. కెజియా బడి నుంచి రాలేదు. బైబిలు తెరిచి చూసింది. ఇంకా యాభై ఎనిమిది గడులు గీయాలి. పేజీలో చోటు లేదు. తనకు యాభై ఆరు వచ్చేదాకా నాలుగున్నరకు లేవాలి. ఈ ఇంట్లో అయిదేళ్లుగా కట్టుకుంటూ వచ్చింది గోడలను కాదని, ఎవరో కూర్చోవడానికి నీడను అని ఆమెకు అనిపించింది. ఆ మాట ఎవరితోనైనా అనాలనిపించింది. అమ్మ ఉంటే అమ్మతో అనేది. వంటింట్లోకి పోయి చింతపండు నానబెట్టింది.

సాయంత్రం జయకుమార్ క్యాంపు నుంచి వచ్చి అన్నం ముందు కూర్చున్నాక అడిగింది. పోయిన ఏడు ఉత్తరం మీద సంతకం పెట్టినారంట, ఒక మాట నాకెందుకు చెప్పలేదు అని. అతను ముద్ద కలుపుతూనే ఉన్నాడు.

"చెప్తే నీకేం తెలుస్తాది? కిస్తీ పెరగలే కదా. నీ చేతిలోంచి రూపాయి ఎక్కువ పోయిందా?"

నెలలు పోయినాయి అంది ఆమె. అతనికి అర్థం కాలేదు. ఇంటి పట్టాలో నా పేరు లేదంట అని కూడా అంది. ఈసారి అతను నవ్వాడు, అష్టాచెమ్మా అని నవ్విన నవ్వే. "గోడ మీద అంత పెద్దగా నీ పేరే ఉండాది. నా పేరు యాడన్నా ఉందా చూడు. ఇంకేం కావల్లా నీకు?" పక్క గదిలోంచి అత్త అందుకుంది. స్థలం తన పొలం అమ్మి కొన్నదని, మొగుడూ పెండ్లాల మధ్య పట్టాలు పుట్రలు ఏమిటికని. స్తుతి రెండు దరఖాస్తులూ అతని కంచం పక్కన పెట్టింది. తిన్నాక చూస్తానన్నాడు. మర్నాడు వాటి మీద పప్పు మరక ఉంది. తుడిచి బైబిలు మీద పెట్టింది. నెలాఖరు దాకా అవి అక్కడే ఉన్నాయి.

ఒకటో తేదీన, తొమ్మిది దాటాక, ల్యాబులో ఉండగా జీతం పడినట్టు ఫోను మోగింది. దశమ భాగం పంపింది. ఇంకో పది నిమిషాలకు జయకుమార్ మెసేజి వచ్చింది. "వేసినావా?" అయిదేళ్లుగా ప్రతి ఒకటో తేదీనా వచ్చే ఒకే ఒక్క మాట. అరవై రెండుసార్లు ఆమె దానికి "ఆఁ" అని జవాబిచ్చింది. ఇరవై మూడో నెలలో కూడా.

తప్పితే తన పేరు కూడా చెడుతుందని తెలుసు. ఆ ఇంట్లో తన పేరు చెడగలిగిన చోటైనా ఒకటుందని ఆమెకు నవ్వొచ్చింది. చేతి తొడుగు తీసి, నిదానంగా, ఒక్కొక్క అక్షరం చూసుకుంటూ రాసింది.

"వేయలేదు. రాయి మీద పేరు మీరు పెట్టుకోండి. కాయితం మీద నాది ఎక్కిన రోజు అరవై మూడోది కడతా. నాలుగో తేదీ సెలవు పెట్టినా. పది గంటలకు కంపెనీ ఆఫీసు కాడ ఉంటా."

పంపి, ఫోను కోటు జేబులో వేసుకుని కొత్త తొడుగు వేసుకుంది. కోడుమూరు నుంచి వచ్చిన ముసలమ్మ ఒకామె కుర్చీలో కూర్చుని చెయ్యి చాచింది. ఎండిన చెయ్యి, నరం కనబడడం లేదు. స్తుతి రబ్బరు పట్టీ బిగించి కట్టి, "పిడికిలి గట్టిగా పట్టవ్వా," అంది. జేబులో ఫోను మోగడం మొదలుపెట్టింది. నరం దొరికేదాకా ఆమె దాన్ని తీయలేదు. దొరికాక కూడా తీయలేదు.