సగం గడ్డం వాదన

రైల్వేవారు వంతెన కింది సెలూన్ స్థలానికి అద్దె మూడింతలు చేశారు. తగ్గించకపోతే షాపు మూసుకోవలసిందేనని క్షురకుడు కోర్టుకెక్కాడు. అది వ్యాపారానికి దివ్యమైన చోటని వాదించిన రైల్వే వకీలు, చివరి వాదననాటి ఉదయం ఆ దివ్యత్వాన్ని కళ్లారా చూడవచ్చి, పనిలో పనిగా గడ్డానికి కూర్చున్నాడు. ఒక చెంప పూర్తయ్యేసరికి నెత్తిమీద గూడ్సు కదిలింది. అద్దం, కుర్చీ, వకీలు ఏకగ్రీవంగా వణికారు.

"కత్తి ఎత్తేశావేంటయ్యా?"

"రైలు పోనివ్వండి సార్. వాదించడానికి మీకు గొంతు కావాలిగా."

గూడ్సు వెనుక ఇంకో గూడ్సు. వేళ మించిపోతోందని వకీలు సగం గడ్డంతోనే కోర్టుకు పరుగెత్తాడు.

"ఏమిటండీ ఈ అవతారం?" అన్నారు జడ్జిగారు.

"రైళ్లు పోతుంటే గీయనన్నాడండీ."

"మరి దివ్యమైన చోటన్నారు?"

పాత అద్దే ఖాయమైంది.

"రండి సార్," అన్నాడు క్షురకుడు మెట్ల దగ్గర, "రెండో చెంప ఊరికే గీస్తా."