కోతకు నోచుకోని ప్రకటన

సాయిప్రియ సినిమాకు కెమెరా లేదు, నటులూ లేరు. లోకల్ కేబుల్లో వచ్చే ప్రకటనలన్నీ పట్టుకుని, ముక్కలుగా కోసి, ఒకదానికొకటి అతికించింది, అంతే. పెళ్ళికూతురు మెడలో హారం పడేలోపు ఎరువుల బస్తా వచ్చి పడుతుంది. వార్తలు చదివే ఆవిడ నోరు తెరిస్తే బిర్యానీ ఆఫర్ బయటికొస్తుంది. కొనండి కొనండంటూ ప్రాణాలు తోడేసే ఈ గోల చూసి జనం సిగ్గుపడాలని పిల్ల ఆశ.

జనం సంగతి అలా ఉంచండి, అసలు భయం నాన్నతోనే. జగ్గయ్యపేటలో స్టీలు సామాన్ల కొట్టు నడిపే అచ్చయ్య తన ప్రకటనలో తనే నటించిన ఘనుడు. ఆయన మనసు నొప్పించడం ఇష్టంలేక, ఆ ఒక్కదాన్నీ ముట్టుకోకుండా వదిలేసింది.

నందిగామ కాలేజీ హాల్లో సినిమా వేశారు. అచ్చయ్య ఇస్త్రీ చొక్కా వేసుకుని ముందు వరసలో కూర్చున్నాడు. జనం పగలబడి నవ్వారు. సిగ్గుపడ్డవాడు ఒక్కడూ కనబడలేదు. సినిమాలో అందరికంటే ఎక్కువ వెక్కిరింతకు గురైన కుక్కర్ల షాపు వీరరాఘవయ్య పొంగిపోతూ దగ్గరికొచ్చాడు.

"అమ్మాయ్, మన కుక్కరు తెరమీద ఎన్నిసార్లు పడిందమ్మా! డబ్బులు పోసినా ఇంత పబ్లిసిటీ రాదు. షాపుకొచ్చి నచ్చింది పట్టుకుపో తల్లీ!"

సాయిప్రియకు మొహం ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. నాన్న మాత్రం మూతి ముడుచుకుని బస్సెక్కాడు.

"సినిమా నచ్చలేదా నాన్నా?"

"ఊళ్ళో ప్రతి అడ్డమైనోడి కొట్టూ ఉంది. మన కొట్టేం పాపం చేసిందే?"

"అది వాళ్ళని వెక్కిరించడం నాన్నా. నిన్నెలా వెక్కిరిస్తా?"

"ఆ మాత్రం తెలీదా నాకు? వెక్కిరించడానికైనా వాళ్ళవి కూర్చుని చూశావు. నాది ఎప్పుడన్నా చివరిదాకా చూశావా?"

చూడలేదు. అది వచ్చినప్పుడల్లా సిగ్గేసి ఛానల్ మార్చేసేది. నాన్న బాధపడతాడని వదిలేశానన్నది తనకు తను చెప్పుకున్న అబద్ధమే.

"ఫోన్లో ఉందా నాన్నా? చూపించవా?"

అచ్చయ్య బింకం సడలకుండానే ఫోన్ తీసి, బస్సంతా వినబడేలా సౌండ్ పెట్టాడు. ప్రకటనలో ఆయన దండం పెట్టి, చెప్పాల్సిన మాట మర్చిపోయి, పక్కనున్న బిందెను తట్టి "గట్టిది" అన్నాడు. కెమెరా ఇంకా తన మీదే ఉందని తెలియక "ఐపోయిందా?" అని ఎవరినో అడిగాడు. సాయిప్రియ ఆపుకోలేక ఫక్కున నవ్వేసి, వెంటనే నాలిక్కరుచుకుంది.

అచ్చయ్య మొహం విప్పారింది.

"ఎక్కడ నవ్వావో గుర్తుపెట్టుకో. అక్కడే కోయి," అన్నాడు. "వీరరాఘవయ్య కంటే ఒక్కసారన్నా ఎక్కువ పడాలి మనం."