అడిగేవాడి గొంతు

ఆమె డాక్యుమెంటరీ ఎడిటర్. అన్నయ్య కెమెరా భుజానేసుకుని ఊరూరా తిరిగి జనాన్ని మాట్లాడించుకొస్తే, గదిలో కూర్చుని దాన్ని సినిమాగా కూర్చడం ఆమె వంతు. ఇద్దరిదీ ఒకటే నియమం: ప్రశ్న తీసెయ్యాలి, జవాబు ఉంచాలి. అడిగేవాడి గొంతు వినబడకూడదు. "నా గొంతు ఇంత శుభ్రంగా ఇంకెవరూ కొయ్యలేరే చెల్లాయ్" అని వేళాకోళమాడేవాడు ఆ మహానుభావుడు. సినిమా పూర్తవగానే మిగతా ముక్కలన్నీ చెరిపేసి, అదే డిస్కు మళ్లీ వాడుకునేవాళ్లు.

ఇంకేముంది, అన్నయ్య పోయాక వెతుక్కుంటే ఇన్నేళ్ల సినిమాల్లో ఆయన గొంతు మచ్చుకైనా లేదు. చేజేతులా చేసుకున్న పని, ఎవరిని తిట్టుకుంటుంది?

మిగిలింది ఇంకా కూర్చని ఆఖరి సినిమా డిస్కు ఒక్కటే. గొడుగులు బాగుచేసే ముసలాయన మీద తీసింది. పొద్దస్తమానం అందులోని ప్రశ్నలే వింటోంది. "ఈ ఊచ ఎలా వంగింది పెద్దాయనా?" అన్న ముక్కనైతే ఎన్నిసార్లు విందో. ఆ గొంతు కోసం ప్రాణం కొట్టుకుపోతోంది. చివరి ముక్క మాత్రం తెరవలేదు. అదీ వినేస్తే అన్నయ్య దగ్గర కొత్తమాట ఇంకేం మిగులుతుంది?

నిర్మాత ఊరుకుంటాడా? "ఈ వారం ఇవ్వకపోతే ఇంకొకరికి అప్పగిస్తానమ్మా. డిస్కు పంపించెయ్యండి" అనేశాడు. ముక్కూ మొహం తెలియనివాడు అన్నయ్య మాటల మీద కత్తెర వెయ్యడమా? గుండె రాయి చేసుకుని ఆ ముక్క తెరిచింది.

ముసలాయన గొడుగు ముడుస్తున్నాడు.

"ఇంటికెళ్తే ఎదురుచూసేవాళ్లున్నారా పెద్దాయనా?" అన్నయ్య అడిగాడు.

"నాకెవరున్నారు నాయనా. నీకో?"

"మా చెల్లాయి ఉంది. నేనెప్పుడొస్తానా అని కుర్చీ వదలకుండా కూర్చుంటుంది. నా మాట ఒక్కటీ మిగల్చదు, రాక్షసి. కానీ అన్నీ వింటుంది. ఆ ధైర్యంతోనే ఇంత వాగుతాను."

ఆమె చేతుల్లో మొహం దాచుకుని వెక్కివెక్కి ఏడ్చింది. కాసేపటికి లేచి మొహం కడుక్కొచ్చి, ప్రశ్నలన్నీ ఒక్కొక్కటిగా తీసేసింది. అన్నయ్య ఉన్నా వేలెత్తి చూపలేనంత శుభ్రంగా తీసింది.

సినిమా చూసిన నిర్మాత నొసలు చిట్లించాడు. "చివర్లో మీ అన్నయ్య గొంతు ఉంచేశారేంటమ్మా? మీ పద్ధతి కాదుగా."

"పద్ధతే బాబూ" అంది. "అక్కడ ప్రశ్న పెద్దాయనది. మా అన్నయ్యది జవాబు."