పోశం దాచుకున్న కాగితం

సోమవారం వచ్చిందంటే పోశం ఒక బకెట్టు, పాత బనీను గుడ్డ పట్టుకొని ఎక్సైజ్ ఠాణాకు వెళ్తాడు. గోడవారన ఉన్న తన ట్రాలీ ఆటోను శుభ్రంగా తుడిచి, నంబరు ప్లేటు మీది దుమ్ము దులిపి, ఎవరితోనూ మాట్లాడకుండా ఇంటిదారి పడతాడు. కొత్తగా వచ్చిన జవాను అతన్ని ఠాణాలో పనిచేసే మనిషే అనుకున్నాడు. పద్నాలుగు నెలలుగా ఆ బండి చక్రం కదలలేదు.

పోశం ముప్పై రెండేళ్ళు బొగ్గుబాయిలో పనిచేసి రిటైరయ్యాడు. ఆ తర్వాత కొన్న ట్రాలీలో మంచిర్యాల నుంచి గోదావరిఖనికి కూరగాయలు తెచ్చేవాడు, భార్య సారవ్వ అమ్మేది. ఒకనాడు తెలిసిన వ్యాపారి పశువుల దాణా అని చెప్పి కొన్ని బస్తాలు ఎక్కించాడు. దారిలో ఎక్సైజ్ వాళ్ళు ఆపి విప్పితే నల్లబెల్లం, సారా కాచేవాళ్ళకు పోయే సరుకు. బెల్లంతో పాటు బండినీ పట్టుకొని, పంచనామా నకలు ఒకటి పోశం చేతిలో పెట్టారు. చూడకుండా ఎక్కించుకోవడం అతని తప్పే. అంతకన్నా పెద్ద తప్పు ఆ తర్వాత చేశాడు.

బాయిలో దిగేవాళ్ళు ల్యాంపు రూములో తమ నంబరున్న బిళ్ళ ఇచ్చి దీపం తీసుకుంటారు. షిఫ్టు అయ్యాక దీపం అప్పగిస్తే బిళ్ళ తిరిగి చేతికొస్తుంది. ముప్పై రెండేళ్ళలో ఒక్కనాడూ ఈ లెక్క తప్పలేదు. పోశం ఆ నకలునూ బిళ్ళలాగే అనుకున్నాడు.

"కాయితం భద్రంగున్నది. కేసు అయినంక బండి వాళ్ళే ఇస్తరు. ఫికర్ చెయ్యకు," అన్నాడు భార్యతో.

సారవ్వ గంపలు బస్సులో వేసుకొని తిరిగింది. ఆమె మోకాళ్ళు వాచాయి. బండిని సర్కారుకు జప్తు చేయాలా వద్దా అన్న విచారణ మాత్రం వాయిదా మీద వాయిదా పడుతూనే ఉంది.

ఒక సోమవారం ఏదో కేసు పనిమీద వకీలు సంధ్యారాణి ఠాణాకు వచ్చింది. పోశంతో కలిసి ఒకే షిఫ్టులో పనిచేసిన బిక్షం కూతురామె.

"రిటైరైనంక గిదేం డ్యూటీ కాకా?" అని నవ్వబోయి, అతని ముఖం చూసి ఆగింది.

పోశం జేబులోంచి ప్లాస్టిక్ కవరు తీశాడు. ఆమె కాగితం చదివింది.

"బండిని పట్టుకున్నరు అంతే. ఇంకా జప్తు కాలేదు. అది తేలేదాక పూచీకత్తు మీద ఇయ్యమని ఎవరినన్న అడిగినవా?"

"అడిగితె ఇస్తరా బిడ్డా?"

"ఇయ్యొచ్చు, ఇయ్యకపోవచ్చు. అడగకపోతె మాత్రం ఎవ్వలు ఇయ్యరు కాకా."

ఠాణావాళ్ళను అడిగితే తమ చేతిలో లేదన్నారు. సంధ్యారాణి హైకోర్టుకు వెళ్ళింది. రెండు నెలలకు ఉత్తర్వు వచ్చింది. పోశం పూచీకత్తు ఇవ్వాలి, బండిని అమ్మకూడదు, రంగు మార్చకూడదు, పిలిచినప్పుడల్లా తెచ్చి చూపించాలి. జప్తు కేసు ఎప్పటిలాగే నడుస్తుంది.

తాళంచెవి తిప్పితే బండి పలకలేదు. బ్యాటరీ చచ్చిపోయింది. టైర్లు నేలకు అతుక్కుపోయాయి. పదహారు నెలలు తుడిచిన పై రంగు మెరుస్తూనే ఉంది, కింద మాత్రం తుప్పు తినేసింది. తాడు కట్టి లాక్కొచ్చారు.

సారవ్వ బండి చుట్టూ ఒకసారి తిరిగి, గడప మీద కూర్చుంది.

"మొదటి నెలల్నే ఎవలనన్న అడిగితె ఏమయ్యేది? నా మోకాళ్ళకైన ఆసరా ఉండేది," అంది. ఆ గొంతులో కోపం లేదు, అలసటే ఉంది.

నేరం చేసినవాణ్ణి శిక్షించవలసిందే. కానీ తీర్పు రాకముందే ఒక కుటుంబం బతుకుతెరువు ఎండకు ఎండి, వానకు తడిసి తుప్పుపట్టిపోతే దానివల్ల ఎవరికి లాభం? ఏ ఠాణా ఆవరణలోనైనా చూడండి, ఇలాంటి బండ్లు వరసగా కనిపిస్తాయి.

మరుసటి సోమవారం పోశం అలవాటుగా బకెట్టు పట్టుకొని బయటికి వచ్చేసరికి వాకిట్లో అంజి నిలబడి ఉన్నాడు. బాయిలో కాంట్రాక్టు పనిచేస్తూ ఖాళీ వేళల్లో ఆటో నడుపుకునే మనిషి. అతని ఆటోనూ మొన్ననే పట్టుకున్నారట.

"కాయితమైతె పైలంగ దాచిన కాకా," అన్నాడు అంజి జేబు తడుముకుంటూ.

పోశం బకెట్టు పక్కన పెట్టి చెప్పులు తొడుక్కున్నాడు.

"నడువ్, సంధ్యారాణి దగ్గరికి పోదాం. గిది ల్యాంపు రూము బిళ్ళ కాదు అంజీ. దాచుకుంటె రాదు, పోయి అడగాలె."